ఉపజీవిక – ఉపాసన: క్రొయేషియా కవి తిన్ ఉయేవిచ్ సాహిత్య జీవితము

సంస్కృత వ్యాకరణ చరిత్ర నెరిగినవారికి పౌలినుస్ అను పాశ్చాత్య పండితుని పేరు క్రొత్తది కాదు. ఇతడు 1776 నుండి 1789 వరకు మలబారు తీరమున క్రైస్తవ సన్న్యాసిగా నివసించెను. అచ్చట సంస్కృతము నభ్యసించి, 1790లో రోము నగరమున 'సిద్ధరూపము' అను పేర లాటిను భాషలో ఒక సంస్కృత వ్యాకరణమును ప్రకటించెను. ఐరోపా ఖండమున అచ్చయిన మొదటి సంస్కృత వ్యాకరణము అదియే. ఈ పండితుడు క్రొయేషియా జాతీయుల వంశమున పుట్టినవాడు. ఇతని అసలు పేరు ఫిలిప్ వెజ్దిన్. తరువాత 1879లో పేతర్ బుద్మాని అను భాషావేత్త కాళిదాసుని శాకుంతలమును క్రొయేషియా భాషలోనికి అనువదించెను. ఇట్లు మన విద్యతో ఆ జాతికి గల పరిచయము రెండు శతాబ్దులకు మించినది. వారి సాహిత్యముతో మనకు గల పరిచయము మాత్రము స్వల్పము.

20వ శతాబ్దపు క్రొయేషియా కవులలో అగ్రశ్రేణికి చెందినవాడు తిన్ ఉయేవిచ్ (1891–1955). ఇతడు కవి మాత్రమే కాడు; జీవితమంతయు పత్రికలకు వ్రాసి, పరభాషా గ్రంథములను అనువదించి పొట్ట పోసికొన్నవాడు. ఇట్టి రచయితల విషయమున కవిత్వము ఉపాసన యనియు, పత్రికారచన, అనువాదము ఉపజీవిక యనియు విభజించి, మొదటిదానిని మాత్రమే లెక్కకు తెచ్చుట విమర్శకులలో పరిపాటి. ఉయేవిచ్ విషయమున ఈ విభాగము ఎంతవరకు నిలుచును? ఉపజీవిక కొరకు చేసిన పని ఉపాసనకు తోడ్పడినదా, అడ్డు వచ్చినదా? ఈ ప్రశ్న అతనికి కేవలము సిద్ధాంతచర్చ కాదు. 1945 తరువాత అతని రచనా స్వాతంత్ర్యమే ఈ ప్రశ్న చుట్టును తిరిగినది.

దేశము – భాష

క్రొయేషియనులు తమ దేశమును 'హృవాత్స్కా' అందురు. ఈ పేరిట గల ఋకారము గమనింపదగినది. తెలుగువారి వాడుకలో ఋకారము 'రు' గా మారిపోయినది. క్రొయేషియా భాషలో రేఫము నేటికిని అచ్చువలె నిలిచి, తానే ఒక అక్షరమునకు ఆధారమగుచున్నది. రక్తమునకు వారి మాట 'కృవ్'. సంస్కృతమునందలి 'క్రవ్య' శబ్దమునకు ఇది జ్ఞాతి. సోదరుడు 'బ్రాత్', తల్లి 'మాతి', మూడు 'త్రి', తేనె 'మెద్' అను మాటలలో భ్రాతృ, మాతృ, త్రి, మధు శబ్దముల పోలిక సులభముగా తెలియును. సంబోధనతో కలిపి ఆ భాషకు ఏడు విభక్తులు. నామమునకు విభక్తిరూప ముండుటచే వాక్యమున పదముల క్రమమును కవి తన ఇచ్ఛానుసారముగా మార్చుకొనగలడు. సంస్కృత శ్లోకముల అన్వయక్రమమునకు అలవాటుపడిన పాఠకునికి ఈ సౌలభ్యము ఎట్టిదో వివరింప నక్కరలేదు.

ఉయేవిచ్ జన్మించిన దల్మేషియా ప్రాంతము ఆద్రియాటిక్ సముద్రపు తీరభూమి. ఇది శతాబ్దులపాటు వెనిస్ గణరాజ్యమునకు లోబడి, 1797లో ఆ గణరాజ్యము పతనమైన పిమ్మట ఆస్ట్రియా చక్రవర్తుల పాలనకు వచ్చెను. మధ్యలో కొంతకాలము నెపోలియను పాలన సాగినది. ఉయేవిచ్ పుట్టునాటికి క్రొయేషియనులందరును ఒకే చక్రవర్తి ప్రజలు. కాని ఒకే పాలనకు చెందినవారు కారు. దల్మేషియా వియన్నా ప్రభుత్వము క్రిందను, జాగ్రెబ్ నగరముతో కూడిన ఉత్తర భాగము హంగేరీ రాజ్యపు అధీనమునను ఉండెను. తీరపు పట్టణములలో ఇటాలియను భాష ప్రాబల్యము, కార్యాలయములలో జర్మను ప్రాబల్యము, పాఠశాలలలో లాటిను గౌరవము. ఇన్ని భాషల నడుమ మాతృభాషకు చోటు వెదకుటయే ఆ తరము రచయితలకు ప్రధాన కార్యమయ్యెను.

బాల్యము – విద్య

ఉయేవిచ్ 1891 జూలై 5వ తేదీన దల్మేషియా లోతట్టు ప్రాంతమందలి వృగోరత్స్ అను చిన్న పట్టణమున జన్మించెను. తండ్రి ఉపాధ్యాయుడు, ఇమోత్స్కి ప్రాంతమువాడు. తల్లి బ్రాచ్ ద్వీపమునందలి మిల్నా గ్రామమునుండి వచ్చినది. ఇట్లు రాతినేలయు సముద్రమును అతనికి పుట్టుకతోనే సంక్రమించినవి. ఇమోత్స్కి, మకార్స్కా పట్టణములలో ప్రాథమిక విద్య ముగించి, 1902లో స్ప్లిట్ నగరమునకు పోయి అచ్చటి ప్రాచీనభాషా పాఠశాలలో చేరెను. నివాసము క్రైస్తవ మతాచార్యులకు శిక్షణ నిచ్చు విద్యార్థి వసతిగృహమున. రోము చక్రవర్తి డయొక్లీషియను కట్టించిన ప్రాసాదమే పెరిగి పట్టణమైన ఆ నగరమున గ్రీకు, లాటిను భాషలను చదివిన బాలునికి ప్రాచీన సాహిత్యము పుస్తకములకే పరిమితమైన విషయముగా తోచియుండదు.

1909లో ఉత్తమశ్రేణిలో ఉత్తీర్ణుడై, మతాచార్య వృత్తిని వదలుకొని, జాగ్రెబ్ విశ్వవిద్యాలయమున చేరి భాషాసాహిత్యములను, ప్రాచీనభాషలను, తత్త్వశాస్త్రమును చదువ నారంభించెను. అదే సంవత్సరము 'మ్లాదా హృవాత్స్కా' అను పత్రికలో అతని మొదటి సానెటు ప్రకటితమయ్యెను. దాని పేరునకు 'నూతన దిగంతములకై' అని అర్థము.

గురువు – వియోగము

నాడు జాగ్రెబ్ యువకవులకు గురుస్థానమున నున్నవాడు ఆంతున్ గుస్తావ్ మాతోష్ (1873–1914). ఇతడు 1894లో చక్రవర్తి సైన్యమునుండి పారిపోయి, బెల్‌గ్రేడ్, జెనీవా, పారిస్ నగరములలో చిరకాలము గడపి, 1908లో స్వదేశమునకు తిరిగివచ్చెను. కవి, కథకుడు, విమర్శకుడు అయిన మాతోష్‌కు జీవనాధారము పత్రికారచనయే. వార్తాపత్రికలో అచ్చయిన మాత్రమున రచన నీచము కాదనియు, దినపత్రికకు వ్రాసిన వాక్యమునందును శిల్పము పాటింపవలెననియు ఆతని రచనలే శిష్యులకు బోధించినవి. ఫ్రెంచి కవుల నియమబద్ధమైన సానెటు రీతిని వారికి అలవరచినదియు ఆతడే.

ఉయేవిచ్ ఈ శిక్షణను గ్రహించెను; కాని గురుశిష్య సంబంధము ఎక్కువ కాలము నిలువలేదు. 1911లో ఇరువురును విడిపోయిరి. 1914లో మాతోష్ మరణించెను. అదే సంవత్సరము ల్యూబో వీస్నర్ సంకలనము చేసిన 'హృవాత్స్కా మ్లాదా లీరికా' (క్రొయేషియా యువకవిత) వెలువడెను. దాని యందలి కవులలో ఉయేవిచ్ ఒకడు. తరువాత 1961లో నోబెల్ బహుమానము నందిన ఈవో ఆంద్రిచ్ మరియొకడు.

ఆ సంకలనమునందలి ఉయేవిచ్ కవితలలో 'ఒప్రోష్తాయ్' (వీడ్కోలు) అను సానెటు విశేషముగా పేర్కొనదగినది. ఇది మార్కో మారులిచ్ (1450–1524) నుద్దేశించి వ్రాసినది. స్ప్లిట్ నగరవాసి యైన మారులిచ్ క్రొయేషియా సాహిత్యమునకు పితగా పేరొందినవాడు. ఆతని 'యుదితా' కావ్యము 1501లో రచింపబడి 1521లో వెనిస్‌లో అచ్చయ్యెను. ఉయేవిచ్ తన సానెటును నాలుగు వందల సంవత్సరముల నాటి ఆ కవి భాషలో, ఆనాటి వర్ణక్రమముతో రచించెను. ఆధునిక కవి యొకడు నన్నయ నాటి తెలుగులో నన్నయకు లేఖ వ్రాసినట్లు దీనిని భావింపవచ్చును. ఇది పాండిత్యప్రకర్ష కొరకు చేసిన పని కాదు. విదేశీ పాలనలో, కొత్త కాలపు వాకిట నిలిచిన యువకుడు తన భాష వయస్సును తానే ఒకసారి కొలిచి చూచుకొని, ఆ తీరమునుండి సెలవు తీసికొనుచున్నాడు. పూర్వభాషలోనికి ప్రవేశించి మరల వెలికి వచ్చుట ఒక విధమైన అనువాదమే. ఉయేవిచ్ అనువాదక ప్రతిభకు తొలి నిదర్శనము ఈ సానెటులోనే కనబడును.

కారాగారము – పారిస్

1912లో ప్రభుత్వము క్రొయేషియాలో రాజ్యాంగపు హక్కులను నిలిపివేసి, స్లావ్‌కో త్సువాయ్ అను అధికారికి సర్వాధికారముల నొసగెను. ఆ సంవత్సరమే ఒక విద్యార్థి అతనిపై హత్యాప్రయత్నము చేసెను. ఆ తరువాత యువజనులపై నిర్బంధము తీవ్రమయ్యెను. దక్షిణ స్లావు జాతులన్నియు ఏకమై స్వతంత్ర రాజ్యము నేర్పరచుకొనవలెనను ఉద్యమమున ఉయేవిచ్ చురుకుగా పాల్గొని, పలుమారులు కారాగారవాసము ననుభవించెను.

1913లో పారిస్ చేరి 1919 వరకు అచ్చటనే యుండెను. ప్రథమ ప్రపంచ సంగ్రామము ఆరంభమైన పిమ్మట ఫ్రెంచివారి విదేశీయ సైనికదళమున కొద్ది మాసములు పనిచేసి, ఉద్యమ నాయకుడైన ఫ్రానో సుపిలో ప్రోద్బలముతో దానిని విడిచిపెట్టెను. పారిస్‌లో అతడు నేర్చినది ప్రధానముగా ఏకాంతము. కళాకారులతో నిండిన కాఫీశాలలు, ఫ్రెంచి కవిత్వము, దారిద్ర్యము, యుద్ధము – ఇవి అతనిని రాజకీయవాదినుండి కవిగా మార్చినవి. 1918లో దక్షిణ స్లావుల రాజ్యము ఏర్పడినది. కాని దాని స్వరూపము ఉయేవిచ్ యౌవనమున కలగన్న దానివలె లేదు. స్వదేశమునకు తిరిగివచ్చిన పిదప 1920ల ఆరంభమున ప్రకటించిన ఆత్మకథాత్మక వ్యాసములలో అతడు తన తరపు విశ్వాసములను, తన అహంకారమును నిష్కరుణగా పరీక్షించుకొనెను. వానిలో ఒకదాని పేరునకే 'అంతఃకరణ పరీక్ష' అని అర్థము.

రెండు కావ్యసంపుటములు

అతని మొదటి సంపుటము 'లేలెక్ సేబ్రా' 1920లో బెల్‌గ్రేడ్‌లో అచ్చయ్యెను. 'లేలెక్' అనగా బిగ్గరగా చేయు రోదనము. 'సేబర్' అనగా మధ్యయుగపు స్లావు రాజ్యములలో ప్రభువర్గమునకు చెందని సామాన్య కర్షకుడు. ప్రాచీన శాసనభాషనుండి తెచ్చిన ఈ మాటను కవి ఆధునిక మానవునకు అన్వయించెను. స్వాతంత్ర్యమును కోరి భంగపడినవాడు, ప్రేమను కోరి ఒంటరియైనవాడు, దైవమును పిలిచి సమాధానము వినరానివాడు – వీరందరును అతని దృష్టిలో సేబరులే. ఈ సంపుటములోని 'స్వాకిదాష్న్యా యాదికోవ్కా' (నిత్యవిలాపము) క్రొయేషియా కవిత్వమున మిక్కిలి ప్రసిద్ధమైన కవితలలో ఒకటి. చిన్నచిన్న పాదములతో, అలంకారములు దాదాపుగా లేకుండ, ఒంటరి మానవుడు దైవముతో పెట్టుకొనిన మొర ఇది. ఒకే వ్యాకరణ నిర్మాణము మరల మరల వచ్చుటచే దీనికి స్తోత్రపు లయ అబ్బినది. సానెటు శిల్పమున ఆరితేరిన కవి ఆ శిల్పమునే త్యజించి నిరాడంబరతను ఎన్నుకొనుట ఇందలి విశేషము.

రెండవ సంపుటము 'కొలాయ్నా' 1926లో వెలువడెను. పేరునకు 'హారము' అని అర్థము. విడివిడి శీర్షికలు లేక, సంఖ్యలతో గ్రుచ్చిన ప్రేమకవితలు ఇవి. ప్రియురాలు ఇందు వ్యక్తిగా కంటె ఆరాధ్యమూర్తిగా భాసించును. మధ్యయుగపు ఇటాలియను ప్రేమకవుల సంప్రదాయమును, క్రైస్తవ ప్రార్థనల పదజాలమును కవి ఇందు మేళవించెను. విప్రలంభమే ఇచ్చట ప్రధానము. సంభోగ శృంగారమునకు తావు లేదు. రెండు సంపుటములకును మూలము పారిస్ నాటి అనుభవమే. మొదటిది వేదన, రెండవది ఆ వేదన నుపశమింపజేయు ధ్యానము.

పత్రికారచన

1920 తరువాత ఉయేవిచ్ జీవితము నిలకడ లేనిదై సాగెను. బెల్‌గ్రేడ్, 1930 నుండి 1937 వరకు సరాయెవో, 1937 నుండి 1940 వరకు స్ప్లిట్, తదుపరి మరణపర్యంతము జాగ్రెబ్ – ఇవి అతని నివాసములు. సొంత ఇల్లు లేదు, సంసారము లేదు, విశ్వవిద్యాలయ పట్టము లేదు. అద్దెగదులలో, హోటళ్లలో నిద్ర. కాఫీశాలలు, పానశాలలు కార్యస్థానములు. నలిగిన టోపీతో, గడ్డముతో, బల్ల ముందు గంటల తరబడి ప్రసంగించు ఉయేవిచ్ రూపము ప్రజల నోట కథగా మారినది. ఈ కథ అతనికి కీర్తి తెచ్చినంతగా అపకారమును చేసినది. త్రాగుబోతు కవి యను ముద్ర పడినచోట అతని అపార పరిశ్రమ కనుమరుగయ్యెను.

ఆ పరిశ్రమకు సాక్ష్యము పత్రికలలోని రచనలే. బోద్లేరు, రేంబో, విట్మన్ మొదలుకొని సమకాలిక శాస్త్రము, మనస్తత్త్వము, తూర్పుదేశముల తత్త్వము, నగరజీవనము వరకు అతడు వ్రాయని విషయము అరుదు. 1938లో రెండు వ్యాససంపుటములు వెలువడినవి. ఒకటి 'స్కాల్పెల్ కావోసా', అనగా 'అవ్యవస్థకు శస్త్రచికిత్స చేయు కత్తి'. రెండవది 'ల్యూది జా వ్రాతిమా గొస్తియోనిత్సె', అనగా 'పానశాల తలుపు వెనుకనున్న మనుష్యులు'. ఈ రెండు పేర్లును కలిసి ఉయేవిచ్ పత్రికారచన స్వభావమును చెప్పుచున్నవి. ఒకవైపు తీక్ష్ణమైన విశ్లేషణ. మరియొకవైపు ఎవరును లెక్కింపని మానవుల సాంగత్యము.

ఈ రచన కవిత్వమును మార్చినది. 1932 నాటి 'ఆఉతో నా కోర్జు' సంపుటమునకు 'విహారవీథిలో మోటారుకారు' అని అర్థము. సాయంకాలమున పట్టణప్రజలు వాహ్యాళికి వచ్చు ప్రధానవీథిని 'కోర్జో' అందురు. అచ్చటికి యంత్రవాహనము ప్రవేశించినట్లే, ఉయేవిచ్ కవిత్వమున గద్యమును పోలిన దీర్ఘపాదములు, నగరవస్తువులు, జనసమూహము ప్రవేశించినవి. 1933లో వెలువడిన 'ఒయాజెనో జ్వోనో' (వ్యథిత ఘంట) సంపుటమున ఏకాంతవేదనతోపాటు పీడితజనుల యెడ సహానుభూతి వినబడును. పత్రికకు దినదినము వ్రాయుచు లోకమును పరికించిన దృష్టియే దీనికి కారణమనుట అసంగతము కాదు.

అనువాదము

ఉయేవిచ్ అనువదించిన రచయితల పేర్లు చూచినచో ఒక విషయము స్పష్టమగును. సులభులైన రచయితలు వారిలో దాదాపుగా లేరు. విట్మన్, ఎడ్గార్ ఆలన్ పో, జోసెఫ్ కాన్రాడ్, జార్జి మెరెడిత్ ఆంగ్లమునుండి. మార్సెల్ ప్రూస్త్, ఆంద్రే జీద్, రేంబో, వెర్‌హారెన్ ఫ్రెంచినుండి. 16వ శతాబ్దపు స్వర్ణకారుడు, శిల్పి యైన చెల్లీని ఆత్మకథ ఇటాలియనునుండి. వీరిలో ప్రతి రచయితయు అనువాదకుని ముందు ఒక్కొక్క సమస్యను నిలుపును.

ప్రూస్త్ వాక్యము అనేక ఉపవాక్యములతో పుటలు నిండి, చివరకు గాని అర్థమునకు రాదు. దానిని ముక్కలు చేసినచో సులభమగును; కాని ప్రూస్త్ మిగులడు. విభక్తిసంపద గల క్రొయేషియా భాషలో పదముల సంబంధము దూరమైనను తెగదు గనుక అట్టి వాక్యమును నిలుపుటకు అవకాశము కలదు. ఆ అవకాశమును వినియోగించుటకు మాత్రము భాషపై పూర్ణాధికారము కావలెను. చెల్లీని ఆత్మకథయందు కొలిమి, అచ్చు, లోహము మున్నగువాని పారిభాషిక పదములు పుష్కలముగా నుండును. వానికి నిఘంటువులకంటె పనివారి నోటిమాటలే శరణ్యము. కాన్రాడ్ జన్మచే పోలిష్ స్లావు. నావికుడై, ఆంగ్లమున రచన చేసినవాడు. ఆతని సముద్రకథలు ఆద్రియాటిక్ తీరవాసి చేతిలో స్లావు భాషలోనికి తిరిగివచ్చుట ఒక విచిత్ర సంఘటనము. విట్మన్ ఛందస్సును విడిచి శ్వాసనే లయగా గ్రహించినవాడు. తెలుగున వచనకవితా వికాసమునకును విట్మన్ ప్రభావము తోడ్పడినది గనుక ఈ విషయము మన పాఠకులకు అపరిచితము కాదు. ఉయేవిచ్ 1930ల నాటి దీర్ఘపాద కవితలను విట్మన్ అనువాదకుని రచనలుగా చదివినచో వాని నిర్మాణము మరింత స్పష్టపడును.

కనుక అనువాదమున అతనికి దొరికినది పారితోషికము మాత్రమే కాదు. ఇతరుల వాక్యములను తన భాషలో నిలుపు ప్రయత్నమున ఆ భాష ఎంత బరువు మోయగలదో అతడు తెలిసికొనెను. మారులిచ్ నాటి ప్రాచీనభాషనుండి ప్రూస్త్ నాటి గద్యము వరకు క్రొయేషియా భాష విస్తృతిని తన చేతితో తడిమి చూచిన రచయిత అతడు.

భారతీయ చింతన

1926 నవంబరులో రవీంద్రనాథ ఠాకూరు ఐరోపా పర్యటనలో భాగముగా జాగ్రెబ్, బెల్‌గ్రేడ్ నగరములను దర్శించి ఉపన్యసించెను. యుద్ధము ముగిసిన పిమ్మట ఆ దేశపు విద్యావంతులలో తూర్పుదేశముల యెడ గల ఆసక్తికి ఆ పర్యటన ఒక సూచన. ఉయేవిచ్ కూడ భారతీయ, బౌద్ధ చింతనలను ఆసక్తితో చదివినవాడు. అయినను అతని కవిత్వమునందలి ప్రతి విశ్వభావనను భారతీయ మూలమునకు ముడిపెట్టుట తొందరపాటగును. క్రైస్తవ భక్తి, విట్మన్ విశ్వాత్మభావము, ఫ్రెంచి కవుల సమూహచైతన్యము కూడ అతనియందు సంగమించినవి.

'పొబ్రాతిమ్‌స్త్వో లీత్సా ఉ స్వెమీరు' అను కవిత ఇచ్చట ఉదాహరణము. పేరునకు 'విశ్వమునందలి వ్యక్తుల సౌభ్రాత్రము' అని స్థూలార్థము. 'పొబ్రాతిమ్' అనగా తోబుట్టువు కాడు. దక్షిణ స్లావుల ఆచారము ననుసరించి ప్రమాణముచే సోదరునిగా స్వీకరింపబడినవాడు. కాబట్టి ఈ సౌభ్రాత్రము రక్తసంబంధమువలన కలిగినది కాదు, ఎన్నుకొనబడినది. ఏ మానవుడును తాననుకొన్నంత ఒంటరి కాడనియు, తన ఆలోచనలు, బాధలు ఎచ్చటనో మరియొకరివి కూడననియు ఈ కవిత సారము. గీతయందు ప్రతిపాదింపబడిన ఆత్మౌపమ్య దృష్టి – తనతో పోల్చుకొని సర్వభూతముల సుఖదుఃఖములను చూచుట – దీనితో సన్నిహితమైన భావము. 'నిత్యవిలాపము' వ్రాసిన ఒంటరి కవి ఈ కవితవరకు నడచిన దూరమే అతని కవితాప్రస్థానమని సంగ్రహింపవచ్చును. ఇతరుల గ్రంథములను తన మాటలలో పలుకుచు జీవించిన అనువాదకునికి తన ఆలోచన ఇతరులదియు కాగలదను ఎరుక సహజముగానే అలవడియుండును.

యుద్ధము – నిషేధము

1941 ఏప్రిలులో జర్మనీ, ఇటలీ మొదలగు అక్షరాజ్యములు యుగోస్లావియాను ఆక్రమించినవి. వాని అండతో జాగ్రెబ్‌లో 'స్వతంత్ర క్రొయేషియా రాజ్యము' అను పేర ఫాసిస్టు ప్రభుత్వము ఏర్పడెను. సెర్బులను, యూదులను, రోమా జాతివారిని సామూహికముగా హతమార్చిన ప్రభుత్వము అది. నాటికి ఏబది యేండ్ల ఉయేవిచ్ ఆ నగరముననే యుండెను. 1941 నుండి 1945 వరకు అతడు సొంత గ్రంథ మొక్కటియు ప్రకటింపలేదు. పత్రికారచనచే, అనువాదముచే జీవించుచు, ఆ రాజ్యపు కొలువున అనువాదకుడుగా ఒక ఉద్యోగము చేసెను.

1945లో పాలన మారినది. కొత్త యుగోస్లావియా ప్రభుత్వము ఆ ఉద్యోగమును కారణముగా చూపి, కొన్ని సంవత్సరములపాటు అతని సాహిత్యకృషిని నిషేధించెను. ఇచ్చట ఉపజీవికకును ఉపాసనకును గల సంబంధము కఠోరముగా బయటపడినది. తిండి కొరకు చేసిన పనికి శిక్ష కవిత్వముపై పడినది. అతడు ఆ ప్రభుత్వమున నాయకుడు కాడు. పూట గడువని వ్యక్తి. అయినను మాటలే వృత్తిగా గలవాడు ఎవరి మాటలను అనువదించుచున్నాడను ప్రశ్ననుండి పూర్తిగా తప్పించుకొనజాలడు. అనువాదము యాంత్రికమైన ఉపజీవిక మాత్రమే యని వాదించినచో అతనికి నిర్దోషిత్వము లభించును గాని, అతని అనువాదకృషి గౌరవము నశించును. అది ఉపాసన యని అంగీకరించినచో గౌరవము నిలుచును. బాధ్యతయు వెంట వచ్చును. ఈ ద్వైధమును తేలికగా పరిష్కరింపబూనుట చరిత్రకు న్యాయము చేయుట కాదు.

నిషేధము సడలిన పిమ్మట 1950 చివర అతని ఎంపిక చేసిన కవితల సంపుటము 'రూకోవెత్' జాగ్రెబ్‌లో వెలువడెను. కోతవేళ ఒక్క చేతితో పట్టిన వెన్నుల గుత్తికి ఆ పేరు. 1954లో 'జెదన్ కామెన్ నా స్తుదెంత్సు' (ఊటచెంత దప్పిగొన్న రాయి) ప్రకటితమయ్యెను. జలధార ప్రక్కనే యుండియు తడి అందని రాతినేలలో పుట్టినవాని జీవితమునకు ఇంతకంటె తగిన పేరు దొరకదు. 1955 నవంబరు 12న ఉయేవిచ్ జాగ్రెబ్‌లో మరణించెను. సమాధి ఆ నగరపు మిరొగోయ్ శ్మశానవాటికలో కలదు.

మరణానంతరము

1963 నుండి 1967 వరకు అతని సమగ్ర రచనలు 17 సంపుటములుగా వెలువడినవి. వీనిలో కవిత్వమునకు చెందినవి కొన్నియే. ఎక్కువ భాగము గద్యము. పానశాలలో కాలము గడపినవాడను లోకవాదమునకు ఈ 17 సంపుటములే సమాధానము. 1980లో క్రొయేషియా రచయితల సంఘము ఉత్తమ కవితాసంపుటమునకు అతని పేర ఒక పురస్కారమును నెలకొల్పెను. ఆ దేశమున కవిత్వమునకు ఇచ్చు బహుమానములలో ఇది మిక్కిలి గౌరవప్రదమైనది. దీనిని కవి జన్మస్థలమైన వృగోరత్స్‌లో ప్రదానము చేయుదురు. జాగ్రెబ్ వీథిలో అతని కాంస్యవిగ్రహము కలదు. 2002లో నిర్మింపబడిన ఒక ప్రయాణికుల నౌకకు కూడ అతని పేరే పెట్టిరి. జీవితమున ఇల్లు లేనివానికి స్వదేశపు సముద్రము పైననే ఒక ఆశ్రయము కల్పించినట్లయినది.

ఉపసంహారము

ఆరంభమున ఉదహరించిన విభాగము ఉయేవిచ్ విషయమున నిలువదు. పత్రికారచన అతని కవిత్వమునకు లోకమును చూపినది. అనువాదము భాషాబలమును, నూతన రూపములను ఇచ్చినది. కవిత్వమున సాధించిన పదశుద్ధి తిరిగి ఆ రెండింటికిని మేలు చేసినది. కాని ఈ సమన్వయమును ఆదర్శముగా మాత్రమే వర్ణించుట సరికాదు. దినభృతికై వ్రాసినవానికి తీరిక లేదు; పూనుకొన్న పనులు చెదరిపోవును; తుదకు భృతి ఇచ్చినవారి పాపమున కొంత భాగమును అతని లెక్కలో పడును. ఉయేవిచ్ ఈ మూల్యమును పూర్తిగా చెల్లించెను.

శాకుంతలము క్రొయేషియా భాషలోనికి వెళ్లి ఒకటిన్నర శతాబ్దము కావచ్చుచున్నది. ఉయేవిచ్ కవితలలో కొన్ని ఆంగ్లమున కూడ వెలువడినవి. ఆంగ్లము ద్వారముగా వానిని తెలుగులోనికి తెచ్చుట సాధ్యమే. అయినను 'సేబర్', 'పొబ్రాతిమ్' వంటి మాటల వెనుకనున్న చరిత్రను, విభక్తులపై నిలిచిన ఆ వాక్యశిల్పమును ఎరుగుటకు మూలభాషా పరిచయము ఆవశ్యకము. సంస్కృత వ్యాకరణము నభ్యసించినవారికి ఆ భాష మిక్కిలి దూరము కాదు. ఆ వైపునకు చేయు కొద్దిపాటి కృషియైనను, ఇతరుల మాటలను తన జాతికి చేర్చుటలో జీవితమును వెచ్చించిన కవికి తగిన నివాళి కాగలదు.